గజం 81 వేలు, మరి కాలెంత?

శాలిబండలో ఇప్పుడు నేల ధర చిన్నపిల్లలకు కూడా నోటికొచ్చు. ఎంజీబీఎస్ నుంచి చాంద్రాయణగుట్ట దాకా ఏడున్నర కిలోమీటర్ల మెట్రో రావాలి. మెట్రో రావాలంటే రోడ్డు వెడల్పవ్వాలి, రోడ్డు వెడల్పవ్వాలంటే ఇళ్లూ దుకాణాలూ వెనక్కి జరగాలి. పోయే జాగాకు చదరపు గజం 81,000 రూపాయలని ఖరారు చేసి 2025 జనవరిలో చెక్కులు పంచడం మొదలుపెట్టారు. అది చాలదని తగాదా పడుతున్నవాళ్లున్నారు. పడాల్సిందే, తాతల నాటి ఇల్లు పోయినవాడికి ఎంతిచ్చినా తక్కువే. నా కడుపుమంట వేరు. గజానికంటూ ఒక ధర ఉంది. గోడ కూలకముందే ఆ ధర చెప్పారు. అధికారి టేపు పట్టుకుని గుమ్మం దగ్గరికొచ్చి కొలిచాడు. తాను గోడనేనని గోడ ఎక్కడా రుజువు చేసుకోనక్కర్లేకపోయింది.

ఇదే రోడ్డు మీద మనిషి కాలు విరిగి చూడమనండి.

వాదన కోసం ఒక మనిషిని తయారుచేసుకుందాం. పేరెందుకు, పాతబస్తీలో అలాంటివాళ్లు గల్లీకి పదిమంది. వయసు 34. రంజాన్ నెలంతా హలీం బట్టీ దగ్గర పని. మిగతా నెలల్లో షాదీఖానాల్లో బావర్చీల వెంట ఉండి దేగ్‌లు దించే పని. సగటున నెలకు 18,000 చేతికొస్తుంది. ఒక రాత్రి పని ముగించుకుని రోడ్డు దాటుతుంటే డీసీఎం వ్యాన్ గుద్దింది. కుడి తొడ ఎముక, మోకాలు రెండూ పోయాయి. సర్కారు దవాఖానాలో రాడ్డు వేశారు. కాలు దక్కింది గానీ మోకాలు ముడుచుకోవడం మానేసింది.

ఇక అసలు ప్రయాణం మొదలు. క్లెయిము వేయడానికి పురానీ హవేలీలో సిటీ సివిల్ కోర్టుకు పోవాలి. పురానీ హవేలీ అంటే ఆరో నిజాం మహబూబ్ అలీ పాషా 176 అడుగుల పొడవున బట్టల బీరువా కట్టించుకున్న చోటు. ఒకసారి వేసిన జత మళ్లీ ముట్టేవాడు కాదంటారు. ఎన్ని జతలున్నాయో చూపించమని ఆయన్ను ఎవరూ అడిగిన దాఖలా లేదు. మనవాడిని మాత్రం బోనెక్కించి అడిగారు.

"నెలకు పద్దెనిమిది వేలని రాశావు. జీతం చీటీ ఏది?"

"చీటీ ఇయ్యరు సాబ్."

"బ్యాంకులో పడేదా?"

"చేతికే ఇచ్చేటోళ్లు."

"ఇన్‌కం ట్యాక్స్ కడుతున్నావా?"

మనవాడు నవ్వాడు. నవ్వు రికార్డుకెక్కదు. ఆదాయానికి ఎలాంటి పత్రమూ దాఖలు చేయలేదన్నది నిజమేనని మాత్రం ఎక్కింది.

పనిచ్చిన సేటును సాక్ష్యానికి తెచ్చుకోవచ్చు కదా అంటారు. నెలకు పద్దెనిమిది వేలిచ్చానని సేటు బోనులో చెబితే, మరి పీఎఫ్ ఏదీ, ఈఎస్ఐ ఏదీ అని రేపు ఇంకొకరు అడుగుతారు. అందుకని సేటు దవాఖానాకు పళ్లు పట్టుకుని వస్తాడు, కోర్టుకు రాడు.

ఇదేదో చట్టంలోని లోపమనుకుంటే పొరపాటే. కర్ణాటకలో కాలు పోగొట్టుకున్న ఒక కూరగాయల వ్యాపారి కేసులో, కూరలమ్ముకునేవాడు ఆదాయానికి కాగితం ఎక్కణ్నుంచి తెస్తాడని సుప్రీంకోర్టు 2014లోనే అంది. 2008 నాటి ప్రమాదానికి నెలకు 6,500 లెక్కవేసింది. తీర్పు చక్కగా ఉంది, అచ్చయింది, వకీళ్ల బీరువాల్లో అట్టతో సహా భద్రంగా ఉంది. చీటీ ఏదన్న ప్రశ్న కూడా అంతే భద్రంగా ఉంది. చివరికి ఆ కోర్టులోనే కూర్చునే మోటారు ప్రమాదాల ట్రైబ్యునల్ అటూ ఇటూ చూసి నెలకు 8,000 అని రాసింది. 8,000 ఎందుకు, 9,500 ఎందుకు కాదు అంటే జవాబు లేదు. గుండ్రంగా ఉంది, అంతే.

తర్వాత శాతాలు. కుడికాలికి 40 శాతం శాశ్వత వైకల్యమని డాక్టరు సర్టిఫికెట్ ఇచ్చాడు. కాలే మొత్తం మనిషి కాదు గనక ట్రైబ్యునల్ దాన్ని ఒంటి మొత్తానికి పరిచింది. తల బాగానే ఉంది, చేతులు రెండూ ఉన్నాయి, ఎడమ కాలు ఉంది, అన్నీ పోను 20 తేలింది. మనిషి కోర్టుకు నడిచొచ్చాడు గనక బీమా కంపెనీ వకీలు లెక్కలో సున్నా. ఇదే కాలు దివ్యాంగుల పింఛను దరఖాస్తుతో పోతే మళ్లీ 40. నెలకు 4,016 రూపాయలకు అర్హత. ఒకే కాలు, ఒకే రాడ్డు, ఒకే ఎక్స్‌రే. కౌంటరు మారితే చాలు, ఎముక దానంతటదే అతుక్కుంటుంది, మళ్లీ విరుగుతుంది.

"హలీం కూర్చుని కూడా కలపొచ్చు కదా?" అన్నాడు కంపెనీ వకీలు.

ఆయన హలీం తిని ఉంటాడు, చేస్తుంటే చూసి ఉండడు. ఇటుకా మట్టీతో కట్టిన బట్టీలో దేగ్ కూరుకుని ఉంటుంది. చెరో పక్కన నిలబడి నిలువెత్తు కట్టె ఘోట్నీలతో గోధుమనూ మాంసాన్నీ గంటల తరబడి మెదపాలి. బలం చేతుల్లోంచి రాదు. కాళ్లు ఎడంగా పెట్టి, మోకాళ్లు వంచి, ఒంటి బరువంతా ఘోట్నీ మీదికి తోయాలి. కూర్చుని కలపాలంటే దేగ్‌లోనే కూర్చోవాలి.

దీనికీ చట్టం దగ్గర మంచి జవాబే ఉంది. వైద్యుడి శాతం వేరు, సంపాదన కోల్పోయిన శాతం వేరు అని రాజ్‌కుమార్ - అజయ్‌కుమార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది. ఆ మనిషి అంతకుముందు ఏ పని చేసేవాడు, ఇప్పుడేం చేయగలడు, ఇంకేదైనా పని చేసుకుని బతకగలడా అని చూడాలంది. గుమాస్తాకు చెయ్యి పోవడం, వడ్రంగికి చెయ్యి పోవడం ఒకటి కాదంది. ఆ కేసు చీజ్ అమ్ముకునే ఒక చిరువ్యాపారిది. 1991 అక్టోబరులో గుద్దుకుంటే 2010 అక్టోబరులో తీర్పొచ్చింది. పంతొమ్మిదేళ్లు. నాకైతే ఆ తీర్పులో ఉన్న నీతులన్నిటికంటే ఈ రెండు తేదీలే ఎక్కువ నేర్పాయి.

ఇక కూడిక. నెలకు 8,000, ఏడాదికి 96,000. 34 ఏళ్ల వయసుకు సర్లా వర్మ కేసు పట్టిక ప్రకారం గుణకం 16. అందులో 20 శాతం. మొత్తం 3,07,200 రూపాయలు. నొప్పికీ బాధకూ 40,000. మందుల ఖర్చు సున్నా, ఎందుకంటే వైద్యం సర్కారు దవాఖానాలో ఉచితం, బిల్లుల్లేవు. అదే ప్రైవేటు ఆసుపత్రిలో చేరి బిల్లుల కట్ట తెచ్చి ఉంటే, అవి పెంచి రాయించినవని కంపెనీ అనేది. పెళ్లాం లాడ్ బజార్ గాజులకు రాళ్లంటించే పని మానేసి ఎనిమిది నెలలు అతన్ని మరుగుదొడ్డికి మోసింది. సొంత మనిషి చేసిన సేవకు రసీదెవరు రాస్తారు? పోనీలే అని 10,000. ఆటో ఖర్చులకు ఇంకో 10,000. వెరసి 3,67,200.

ముప్పై ఏళ్ల సంపాదన పోయినందుకిచ్చిన ఆ 3,07,200ని రోడ్డు వెడల్పు లెక్కలోకి మార్చి చూశాను. నాలుగు గజాలు కూడా రాలేదు. నాలుగు గజాలంటే శాలిబండలో పాన్ డబ్బా. మెట్రో వచ్చి అతని కాలినే ఆక్రమించి ఉంటే బాగుపడేవాడు.

ఇంతైనా వచ్చింది, సంతోషించమనే పెద్దమనుషులు చరిత్ర గుర్తుచేస్తారు. నిజమే, 1994లో మోటారు వాహనాల చట్టానికి తగిలించిన రెండో షెడ్యూలు ఇంతకంటే ముచ్చటైనది. తీవ్ర గాయం నొప్పికి 5,000. వైద్యం ఎంతైనా 15,000 మించరాదు. సంపాదన లేనివాడికి ఏడాదికి 15,000 ఆదాయమని ఊహించుకోవాలి. ఆ ఊహ 2018 మే దాకా ఇరవైమూడేళ్లకు పైగా పైసా పెరగలేదు. ఆ మధ్య కాలంలో బంగారం పెరిగింది, బిర్యానీ పెరిగింది, పార్లమెంటు సభ్యుల జీతాలు పెరిగాయి, ఊహ మాత్రం పెరగలేదు. పైగా ఆ పట్టికలో కూడికలూ గుణింతాలూ తప్పులున్నాయని 1996లో సుప్రీంకోర్టే ఎత్తిచూపింది. దేశంలోని విరిగిన ఎముకలన్నిటికీ లెక్క చెప్పాల్సిన పట్టికకే లెక్క రాలేదు.

సరే, తక్కువైంది, అప్పీలు వేద్దామనుకున్నాడు మనవాడు. అంతవరకూ బాధితుడు. అప్పీలు మాట ఎత్తగానే ఆశపోతయ్యాడు. బస్తీలో చుట్టాలే అన్నారు, "మూడున్నర లక్షలొచ్చాయి కదరా, ఇంకెంత కావాలి?" కంపెనీ వకీలైతే పరిహారమంటే లాటరీ కాదని ఇంగ్లిషులో అన్నాడు. లాటరీకి టికెట్టు కొనేవాడు తన ఇష్టంతో కొంటాడన్న సంగతి ఆయనకు తట్టలేదు.

దొంగ క్లెయిములు లేవా? ఉన్నాయి. వైద్యం చేయకుండానే అడిగినంత శాతం రాసిచ్చే డాక్టర్లున్నారని, వాళ్లతో జాగ్రత్తని ట్రైబ్యునళ్లను ఆ 2010 తీర్పే హెచ్చరించింది. పట్టుకోండి, లోపల వేయండి. కానీ పదిమంది దొంగల మీది అనుమానాన్నంతా తెచ్చి, దేగ్ పక్కన నిలబడలేని ఒక మోకాలి మీద రుద్దుతామంటే ఎలా?

అప్పీలుకు 90 రోజుల గడువు. హైకోర్టు దూరమేం కాదు. చార్మినార్, పత్తర్‌గట్టి, మదీనా దాటితే నయాపూల్ పక్కన మూసీ ఒడ్డున 1920లో తెరిచిన రాతి భవనం. ఎదురొడ్డున ఉస్మానియా ఆసుపత్రి. దెబ్బ తగిలే రోడ్డు, కట్టు కట్టే దవాఖానా, ఖరీదు కట్టే రెండు కోర్టులు, అన్నీ నాలుగు కిలోమీటర్ల లోపే ఉన్న అదృష్టం ఇంకే బస్తీకి ఉంది? అయితే త్వరపడాలి. హైకోర్టుకు రాజేంద్రనగర్ వైపు 100 ఎకరాల్లో కొత్త భవనాలకు 2024 మార్చిలో శంకుస్థాపన అయింది. అప్పీలు తేలేలోపు కోర్టే ఇల్లు మారినా ఆశ్చర్యం లేదు.

మెట్ల దగ్గరే ఇంకో కొలత ఉంది. తగువులో ఉన్న మొత్తం లక్ష రూపాయలకు తక్కువైతే అప్పీలే చెల్లదు. వెనక ఇది 10,000 ఉండేది. 2019 సవరణతో లక్ష చేశారు. అంటే ట్రైబ్యునల్ నీకు తొంభై వేలు తక్కువేసిందనుకో, అది హైకోర్టు వినదగ్గ దుఃఖం కాదు. ఇంటికి పోయి ఏడవాలి. తొంభై వేలంటే మనవాడికి అయిదు నెలల తిండి. చట్టం రాసినవారికి ఎంతో నాకు తెలియదు గానీ, వారు రోడ్డు దాటేటప్పుడు మిగతావాళ్లను ఆపేస్తారు.

ఆ సవరణే క్లెయిము వేయడానికి ఆరు నెలల గడువునూ తిరిగి తెచ్చింది. 1994లో అమానుషమని తోచి తీసేసిన గడువును 2022 ఏప్రిల్ 1 నుంచి మళ్లీ అమల్లో పెట్టారు. మంచం దిగలేనివాడికి ఆరు నెలలు. పంతొమ్మిదేళ్లు నడిచే కేసుకు మాత్రం ఏ గడువూ లేదు. గడువు దాటిందన్న ఒక్క కారణంతో పిటిషన్లు కొట్టేయొద్దని సుప్రీంకోర్టు 2025 నవంబరులో మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది గనక ప్రస్తుతానికి ఊపిరి పీల్చుకోవచ్చు.

మనవాడు పెంచమని వేశాడు. కంపెనీ తగ్గించమని వేసింది. దానికేం, 25,000 రూపాయలో, అవార్డులో సగమో, ఏది తక్కువైతే అది జమ చేస్తే దాని అప్పీలు తీసుకుంటారు. ఇక్కణ్నుంచి సాగేది అచ్చం లాడ్ బజార్ బేరం. కాకపోతే అక్కడ బేరం కుదరకపోతే గాజులు అక్కడే వదిలేసి రావచ్చు. ఇక్కడ అమ్మకానికి పెట్టిన సరుకు అమ్మేవాడి ఒంటికే అతుక్కుని ఉంటుంది, చలికాలం సలుపుతుంటుంది. కొనేవాడికి మాత్రం ఏ తొందరా లేదు. వడ్డీ ఏడున్నర శాతమేగా.

బేరం మధ్యలో లోక్ అదాలత్ వస్తుంది. కంపెనీ అధికారి మర్యాదగా కుర్చీ చూపిస్తాడు. "భాయ్, ఇంకో ఏడెనిమిదేళ్లు తిరుగుతావా, ఇవాళే లక్ష ఎక్కువ తీసుకుని ఇంటికి పోతావా?" సంతకం పెడితే అదే ఆఖరు, దానిమీద అప్పీలు లేదు. కూతురి పెళ్లికో, అప్పులవాడి పోరుకో సంతకం పడుతుంది. మర్నాడు పేపర్లో ఒక్కరోజే ఇన్ని కేసులు పరిష్కారమని వస్తుంది. పరిష్కారమైంది కేసు.

మనవాడు మొండివాడు, సంతకం పెట్టలేదనుకుందాం. హైకోర్టు అతని మాటే వింది అనుకుందాం. ఇలాంటి అప్పీళ్లలో పెంచడం అరుదేం కాదు. నెలకు 12,000 అని ఒప్పుకుంది. నలభైలోపు స్వయం ఉపాధి గనక ప్రణయ్ సేథి తీర్పు ప్రకారం భవిష్యత్ పెరుగుదల 40 శాతం కలిపింది. నిలబడి చేసే పని గనక సంపాదన నష్టం 20 కాదు, 40 అంది. ఇప్పుడు గుణించండి. 12,90,240. సంపాదన నష్టానికి కింది కోర్టు కట్టిన 3,07,200కి నాలుగింతలకు పైగా. కాలు అదే, ఎక్స్‌రే అదే, చట్టం అదే. భవిష్యత్ పెరుగుదల తీర్పు 2017ది, గుణకాల పట్టిక 2009ది. ఇంత తేడా అప్పుడెందుకు వచ్చిందని అడిగే కౌంటరు మాత్రం ఏ కోర్టులోనూ లేదు. తూకం తక్కువేసిన కిరాణా కొట్టువాడికి తూనికలు, కొలతల శాఖ జరిమానా వేస్తుంది. కాలు తక్కువ తూచినందుకు ఎవరికీ మందలింపు లేదు. సవరణ ఉంది, అదీ పైదాకా ఎక్కగలిగినవాడికే. అదే వరుసలో, అదే దెబ్బతో, అదే 3,07,200 కట్టించుకుని అప్పీలు వేయకుండా పోయినవాడి కాలు ఇప్పటికీ నాలుగు గజాల లోపే ఉంది. అలాంటివాళ్లెందరో లెక్క కట్టినవాళ్లు నాకు కనబడలేదు. ఆశపోతులు కారు కదా, మంచివాళ్ల జాబితాలో పడిపోయి ఉంటారు.

కాబట్టి శాలిబండ వాసులారా, రోడ్డు దాటేముందు నా మాట వినండి. గుద్దించుకోదలచినవారు ముందుగా మూడేళ్లు ఆదాయపు పన్ను రిటర్నులు వేసి ఉంచుకోండి. వయసు చూసుకోండి. 25 దాకా గుణకం 18, ఇరవయ్యారో ఏట 17. యాభయ్యో ఏడు దాటితే 13 నుంచి ఒక్క దూకున 11కు పడుతుంది గనక ఆ పుట్టినరోజు ముందు వారం మంచి ముహూర్తం. గుద్దే బండికి బీమా ఉందో, డ్రైవరుకు లైసెన్సుందో కనుక్కుని మరీ ఎదురెళ్లండి. గుద్ది పారిపోయే బాపతైతే తీవ్ర గాయానికి 50,000తో సరి. పని చేసే చోటే దెబ్బ తగిలేటట్టయితే కార్మిక పరిహారపు షెడ్యూలు ముందే చదువుకోండి. బొటనవేలికి 30 శాతం, చూపుడువేలికి 14, ఉంగరం వేలికి 7. ఏ వేలు ముందుకు పెట్టాలో మీకే తెలుస్తుంది. అన్నిటికన్నా ముఖ్యం, ప్రభుత్వాసుపత్రికి పోవద్దు. ఉచితంగా బతికినవాడి బాధకు బిల్లుండదు.

పెరిగిన డబ్బు చేతికొస్తుందని మాత్రం అనుకోకండి. చదువురాని పేదవాడు కాబట్టి మోసపోతాడని, అందులో పెద్ద భాగం బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయించి, కావాల్సి వచ్చినప్పుడల్లా పిటిషన్ పెట్టుకోమనడం చాలా ఏళ్లుగా ఆనవాయితీ. యాంత్రికంగా అలా చేయొద్దని సుప్రీంకోర్టు 2012లో చెప్పినా ఆనవాయితీకి చెవులుండవు. అప్పులవాడికేమో డిపాజిట్ రసీదు చూపిస్తే ఒప్పుకోడు. కొందరైతే ఏళ్లు గడిచి, ఇళ్లు మారి, వకీలు పోయి, అసలు డబ్బొచ్చిందనే తెలియక తీసుకోరు. అలా ట్రైబ్యునళ్లలో పేరుకున్న సొమ్ము సంగతి చూడడానికి సుప్రీంకోర్టే తనంత తాను కేసు చేపట్టి, క్లెయిము వేసేనాడే ఆధార్, పాన్, బ్యాంకు వివరాలు తీసుకోవాలని 2025 ఏప్రిల్‌లో ఆదేశించాల్సి వచ్చింది.

ఆధార్ మాట వచ్చింది గనక చెబుతున్నా, హైకోర్టు పెంచిందని అనుకోవడమే గానీ మనవాడి అప్పీలు ఇప్పుడక్కడే ఆగింది. పిటిషన్‌లో వయసు 34. ఆధార్ కార్డులో పుట్టిన తేదీ జనవరి ఒకటి, దాని ప్రకారం ప్రమాదం నాటికి 36. క్యాంపులో కార్డు తీసినవాడు అడిగితే మనవాడు ఏదో చెప్పాడు, వాడు ఏదో కొట్టాడు. 36 అయితే గుణకం 16 కాదు, 15. కంపెనీ వకీలు ఆ ఒక్క అంకె పట్టుకుని అదనపు మెమో వేశాడు. వయసుకు ఆధార్ రుజువు కాదని, బడి సర్టిఫికెట్ నయమని సుప్రీంకోర్టు 2024 అక్టోబరులో చెప్పిందని మనవాడి వకీలు గట్టిగానే వాదించాడు. అయితే బడి సర్టిఫికెట్ దాఖలు చేయమన్నారు. మనవాడు ఏడో ఏట నుంచే బట్టీ దగ్గర ఉన్నాడు, బడి మొహం చూడలేదు. సర్టిఫికెట్ తెచ్చుకోవడానికి వేసవి సెలవుల తర్వాతకు వాయిదా ఇచ్చారు.